ఫాతిమా ఆపా తీసిన రాక్ సినిమా

నిన్న కరీంనగర్‌లో ఓ పెళ్లిలో మైకు కీచుమంది. అందరూ చెవులు మూసుకున్నారు. నాకు మాత్రం అక్కలాంటి ఫాతిమా ఆపా గుర్తొచ్చి నవ్వొచ్చింది. ఆ కూత వినబడితే చాలు, ఆమె ముఖం వెలిగిపోయేది.

ఆపా ఏళ్ల తరబడి దేశంలోని రాక్ బ్యాండ్ల గురించి పత్రికల్లో రాసింది. మాది గ్రానైట్ క్వారీల ఊరు కదా, ఇక్కడ చాలామందికి రాక్ అంటే రాయే. ఒక క్వారీ యజమాని ఆమెను కూర్చోబెట్టి టీ ఇప్పించి, "మా నల్లరాయి గురించి గూడ జర రాయుండ్రి మేడం" అని అడిగాడు. ఆపా టీ మొత్తం తాగి, "పాడుతదా?" అంది.

రాసింది చాలక ఆ బ్యాండ్ల మీదే ఓ సినిమా తీద్దామనుకుంది. ఆమెకు ఖాళీగా దొరికిన కెమెరామన్‌ను నేనే. పెళ్లిళ్లు తప్ప నాకేమీ తెలియదు. మొదటిసారి తీసిన గిటార్ కుర్రాడి ముఖం చుట్టూ గులాబీలు తిరిగేలా ఎడిట్ చేసి చూపించాను. ఆపా చాలాసేపు చూసి, "గీ పిలగానికి పెండ్లి ఎవలతోనిరా?" అంది. ఆ రోజుతో నా గులాబీలు రాలిపోయాయి.

తర్వాత బోథ్ అనే ఊరికి వెళ్లాం. అక్కడ నలుగురు కుర్రాళ్లు ఓ పత్తి గోదాములో వాయించేవారు. రెండో పాట సగంలో ఉండగా, డ్రమ్స్ వాయించే నరేశ్ తండ్రి పోశెట్టి తలుపు తోసుకొచ్చాడు.

"బంద్ చెయ్యుండ్రి! చేన్ల మందు కొట్టేటోడు లేడు, వీడు గీడ డబ్బాలు కొడుతుండు!" అంటూ కొడుకు చేతిలోని కట్టెలు లాక్కున్నాడు.

ఇంక బ్యాండ్ పని అయిపోయిందనుకుని కెమెరా దించబోయాను. ఆపా నా మోచెయ్యి పట్టుకుంది. "ఉండనియ్యి. గాయన మాట గూడ గావాలె." మైకు తీసుకెళ్లి పోశెట్టి ముందు పెట్టింది. "చెప్పు అన్నా, ఏం పరేషాన్?"

పోశెట్టి కండువా సర్దుకున్నాడు. వాన గురించి, పత్తి గురించి, పొద్దెక్కినా లేవని కొడుకు గురించి ఏకరువు పెట్టాడు. చెప్పడం అయిపోయింది. ఆపా ఏమీ అడగలేదు, మైకూ తీయలేదు. పోశెట్టి ఇబ్బందిగా కదిలి, గొంతు తగ్గించి, "గా మొదటి పాట బయట నిలవడి విన్న. మంచిగనే ఉండె. జర ఆగుండ్రి, మా ఇంటిదాన్ని తోలుకొస్త" అన్నాడు.

కట్టెలు ఆయన చేతిలోనే వెళ్లిపోయాయి. ఆయన వచ్చేదాకా బ్యాండంతా పత్తి బస్తాల మీద కూర్చుంది. నరేశ్ తల్లి చెవులు మూసుకునే పాటంతా విన్నది.

"మంచిగున్నదా అక్కా?" అని ఆపా అడిగింది.

"అందరికన్న మావోడే గట్టిగ కొడుతుండు. మంచిగనే ఉన్నది."

సినిమా కరీంనగర్‌లో వేసినప్పుడు ఈలలన్నీ పోశెట్టికే. బ్యాండ్ వాళ్లు కాస్త అలిగారు కూడా. కొడుకు పక్కనే కూర్చున్న పోశెట్టి మాత్రం లేచి అందరికీ దండం పెట్టాడు.

ఆపా ఇప్పుడు లేదు. నేను మళ్లీ పెళ్లిళ్లే తీస్తున్నాను. అప్పగింతలప్పుడు పెళ్లికూతురి తండ్రి నాలుగు మాటలు చెప్పి ఆగిపోతే, తక్కిన వాళ్లు కెమెరాలు కట్టేస్తారు. నేను కట్టను. ఆ తర్వాత ఇంకో మాట వస్తుంది. చాలాసార్లు అది భోజనాల గురించే. అయినా ఎదురుచూస్తాను.