సిద్దమ్మ కర్పూరం ఆర్పలేదు

మా బడిలో వంట చేసే సిద్దమ్మను చేతబడి మనిషి అన్నోళ్ళ మీద నాకు కోపం ఇంకా చల్లారలేదు. అందుకే చెప్తాండాను, వినండి.

నేను ఆదోని నుంచి రోజూ బస్సెక్కి ఎమ్మిగనూరు పక్కనుండే ఒక ఊరికి పోయి పిల్లోళ్ళకు జీవశాస్త్రం చెప్తాను. సిద్దమ్మ పుట్టిల్లు హొళగుంద పక్క. మొగుడు పోయినాక ఒంటరిగా ఉంటాంది. నోరు పెద్దది, వడ్డించే చెయ్యి ఇంకా పెద్దది. పప్పులో ఉప్పు తక్కువైందని హెడ్మాస్టరు అన్నా సరే, "మీ ఇంట్లో తిను పోప్పా" అంటుంది. పిల్లోళ్ళంటే మాత్రం ప్రాణం.

వేరుశనక్కాయల్ని మేము బుడ్డలంటాం. ఆ బుడ్డల పొట్టుతోనే ఆయమ్మ పొయ్యి మండించేది. నూనె మిల్లు నుంచి తెచ్చి వంటగది గోడ పక్కన కుప్ప పోస్తారు. పోయిన వానాకాలం ముసురు పట్టి ఆ కుప్ప తడిసిపోయింది. ఒకరోజు పొద్దున చూస్తే దాని మీద పసుపు పచ్చగా, నురగ నురగగా ఏదో ముద్ద. మర్నాటికి అది కుప్ప దిగి గోడెక్కింది. నిన్న ఆడ ఉన్నది ఈరోజు ఈడికొచ్చింది! సరిగ్గా అప్పుడే మా బడిలో చదివే పాపకు, ఆ ఊరి భీమక్క కూతురికి జ్వరమొచ్చి వాంతులైనాయి. ఇంకేం కావాల? పసుపు ముద్ద, దానంతట అది నడిచే ముద్ద, వంటగది గోడ, మొగుడు లేని ఆడది. అన్నీ కలిపి చేతబడి అనేసినారు. పిల్లోళ్ళు ఖాళీ పళ్ళేలతో ఇండ్లకు పోవడం మొదలుపెట్టినారు.

బడి కమిటీ పెద్ద ఎర్రిస్వామి మీటింగు పెట్టినాడు. సిద్దమ్మను ఉంచాలా, తీసేయాలా అని. నాకు హుషారొచ్చింది. నా పాఠమే కదా, ఒక్క మాటతో తేల్చేస్తాననుకున్నాను.

"ఇది జిగురు బూజప్పా. పేరులో బూజుంది గానీ బూజు కాదు. మొక్కా కాదు, జంతువూ కాదు" అన్నాను.

భీమక్క ఎగిరి లేచింది. "ఇన్యారా! మేడమే ఒప్పుకున్యాది. మొక్క కాదంట, జంతువు కాదంట, బూజు గూడా కాదంట. మరింక చేతబడి కాక ఏంది?"

అందరూ అవునవునన్నారు. నా తల నేనే గోడకేసి కొట్టుకోవాలనిపించింది. అయినా ఊరుకోలేదు.

"పూర్వం శాస్త్రం చదివినోళ్ళు జీవాలన్నిటినీ రెండు కుప్పలేసినారు, మొక్కలొకటి, జంతువులొకటి. కంటికానని జీవాలు కొన్ని రెండిట్లోనూ పట్టలేదు. వాటికోసం ఇంకో కుప్ప పోసి ప్రొటిస్టులని పేరు పెట్టినారు. నీటిగుంటలో పచ్చగా తేలే యూగ్లీనా, మలేరియా తెచ్చే జీవి, అన్నీ దాంట్లోనే. నిజానికి అవి ఒకదానికొకటి దాయాదులు కూడా కావు. ఎవరికెవరు చుట్టమో తేల్చే పరీక్షలొచ్చినాక ఇప్పుడు ఆ కుప్పను విడదీస్తాండారు. ఈ పసుపు ముద్దను కూడా దాంట్లోనే వేసినారు గానీ, ఇది అమీబాకు చుట్టం. కుళ్ళిన పొట్టు మీద బ్యాక్టీరియాను తింటుంది. తిండి కోసమే పాకుతుంది. పాప జ్వరానికీ దీనికీ సంబంధం లేదు."

ఎర్రిస్వామి ఆవలించినాడు. "అదంతా మాకెందుకు మేడం? సిద్దమ్మా, చౌడమ్మ గుడికాడ కర్పూరం ఎలిగించి, నేను చేయలేదని చేత్తో ఆర్పు. మా ఊర్లో ప్రమాణమంటే అదే. ఆర్పితే గరిటె నీది."

హమ్మయ్య అన్నాడు హెడ్మాస్టరు. నేను కూడా ఆయమ్మ చెవిలో, "ఆర్పేయ్ సిద్దమ్మా, పీడ వదిలిపోతుంది" అన్నాను.

సిద్దమ్మ కొంగు నడుముకు చుట్టి లేచి నిలబడింది.

"ఆర్పను. మీ బిడ్డలు ఇన్నేండ్లు నా చేతి కూడు తిన్యారు. అదే నా ప్రమాణం. ఆ ముద్ద ఏందో మీకు తెలీదు, నాకూ తెలీదు. తెలీకపోతే తెలీదని సెప్పండి! తెలీనిదానికంతా నా పేరు యాల పెడతారు? ఈపొద్దు ఆర్పితే, రేపు ఎవురింట్లో పాలిరిగినా మళ్ళా కర్పూరం తెస్తారు. తీసేస్తే తీసేయండి. నేను మాత్రం ఆర్పను."

నా వైపు తిరిగింది. "ఏం సునీతమ్మా, మీ సదువుకున్నోళ్ళు గూడా ఇంతేనా? యాడా పట్టనిదాన్నంతా ఒకే కుప్పలో ఏసేదేనా?"

"అవును సిద్దమ్మా, చాన్నాళ్ళు అదే చేసినారు."

"వాళ్ళు నయం. ఇప్పుడన్నా ఇడదీస్తాండారు" అంది.

గరిటె తీసుకుని, వంటకు కొత్తగా పెట్టుకున్న రామక్కకిచ్చినారు. సిద్దమ్మ ఇంట్లో కూర్చుని ఏడ్చిందనుకుంటారేమో. లేదు. రోజూ మధ్యాహ్నం వచ్చి వంటగది మెట్టు మీద కూర్చునేది, ఎవరు చూస్తే వాళ్ళ కళ్ళలోకే చూస్తా. దాటుకుని పోవాల్సొచ్చి ఎర్రిస్వామి తల దించుకునేవాడు. నాకు ఎంత సంతోషమో!

మళ్ళా ముసురు పట్టింది. ఎర్రిస్వామి కూడా ఆ మిల్లు నుంచే పొట్టు తెచ్చి వాకిట్లో పోసుకున్నాడు, నీళ్ళు కాచుకునేదానికి. తెల్లారేసరికి ఆయన గడప పక్కనే పసుపు ముద్ద, మా బడి గోడ మీది దానికంటే పెద్దది. వీధి వీధంతా ఆడ చేరింది. ఈసారి ఎర్రిస్వామి చేత ఆర్పించేదానికి భీమక్క కర్పూరం పొట్లంతో వచ్చింది. ఎవరో పోయి సిద్దమ్మను పిలుచుకొచ్చినారు. ఆయమ్మ ఏమంటే అది జరిగేటట్టుంది. చేతబడి అని ఆయన పరువు తీయమని ఆయమ్మకు చెప్పాలని నాకైతే నాలుక దురద పెట్టింది.

"ఏం ఎర్రిస్వామన్నా, ఇదేందో నీకు తెలుసునా?" అంది సిద్దమ్మ.

ఎర్రిస్వామి భీమక్క చేతిలోని పొట్లం వైపు చూసినాడు. "తెలీదు సిద్దమ్మా" అన్నాడు.

"ఆపొద్దు ఈ మాట అనింటే సరిపోయేది."

భీమక్క చేతిలోని కర్పూరం లాక్కుని తన నడుములో దోపుకుంది. "పోండి ఇండ్లకు. ఈడ ఎవురూ ఏమీ ఆర్పేది లేదు."

ఆ మధ్యాహ్నం ఎవరినీ అడగకుండానే వంటగదిలోకి పోయి రామక్క చేతిలో గరిటె అందుకుంది. రామక్క నవ్వి పక్కకు జరిగింది. పిల్లోళ్ళు వరసలో నిలబడినారు గానీ ముందుకు రావడానికి జంకుతాండారు. చివరికి భీమక్క కూతురే వచ్చి పళ్ళెం చాపింది.

సిద్దమ్మ పప్పేసి, "ఏమేసినానో తెలుసునా?" అని గద్దించింది.

"పప్పు" అంది పాప.

"తెలుసు గదా. తిను."