స్లాబు ఇంటి మిత్తి

తల్లి కడుపులోనే మనకు మొదటి ఇల్లు కట్టిన దేవునికి స్తోత్రం. అద్దె అడగకుండా వెలుతురునూ గాలినీ ఇచ్చే తండ్రికి మహిమ. ఆయన పేరు తలవకుండా ఈ సంగతి రాయడానికి నాకు ధైర్యం లేదు. ఎందుకంటే ఇందులో మేము చేసిన పెద్ద తప్పు ఆయన పేరు మీదనే చేశాం.

మొన్న కరీంనగర్‌లో మా ఇంటి ఎదుటి ప్లాటులో స్లాబు పోశారు. మరునాడు దాని మీద మట్టి గట్లు కట్టి, చిన్న చిన్న మడులు చేసి నీళ్లు నిలిపారు. పొద్దున కిటికీ తెరవగానే తడి సిమెంటు వాసన, కొంచెం సున్నంలాగా, కొంచెం తొలకరి మట్టిలాగా, లోపలికి వచ్చింది. చేతిలో చాయ్ గ్లాసు పట్టుకుని అక్కడే నిలబడిపోయాను. నాకు ఎనిమిదేళ్లున్నప్పుడు చొప్పదండిలో మా ఇంటి మీద నిలిచిన నీళ్ల వాసన అది.

మా బాపు యాకోబు మేస్త్రి. డెబ్బైల మొదట్లో చొప్పదండి చుట్టుపక్కల ఎక్కడ స్లాబు పోసినా ఆయన ఉండాల్సిందే. ఇనుప సలాకలు ఎట్లా కట్టాలో, కంకర ఎంత, ఇసుక ఎంత, నీళ్లు ఎన్ని తట్టలకు ఎన్ని బిందెలో కాగితం ముట్టకుండా చెప్పేవాడు. చదువు మాత్రం మా క్రైస్తవ సంఘంలో నేర్చుకున్నదే. చిన్నప్పుడు మిషను వాళ్ల దగ్గర వాక్యం చదవడం కోసం అక్షరాలు దిద్దాడు, ఆదివారం లేచి గొంతెత్తి చదివితే వెనక వరుసలో పిల్లలు కూడా కదలకుండా వినేవాళ్లు. మా అవ్వ, అంటే మా అమ్మ దీనమ్మ, బీడీలు చేసేది. ఒళ్లో చాట, చాటలో తంబాకు, పక్కన నానబెట్టి కత్తిరించిన తునికాకు, చేతులు తమ దారిన తాము తిరుగుతుంటే నోరు పాట పాడేది. వానకాలంలో మక్క కంకులు, దసరా నాటికి సీతాఫలాలు, క్రిస్మసుకు సకినాలు, ఏడాది పొడుగునా తంబాకు ఘాటు: మా ఇంట్లో కాలం ఇట్లా వాసనలుగా నడిచేది.

అప్పటికి మాది గూన పెంకుల ఇల్లు. వాన పడితే గిన్నెలు పరిచేవాళ్లం. ఊళ్లో అందరికీ స్లాబు పోసే మేస్త్రి ఇంట్లో గిన్నెలు పరచడం ఏమిటని కూలీ ఆడవాళ్లు నవ్వేవాళ్లు. "మేస్త్రీ, మా ఇండ్ల మీద కప్పేసి నీ ఇంట్ల చేపలు పెంచుతున్నవా?" అనేవాళ్లు. బాపు కూడా నవ్వేవాడు, కానీ ఆ మాట లోపల కూర్చుంది. ఒక దీపావళి నాడు బట్టల దుకాణం సేటు దగ్గర ఇంటి కాగితాలు కుదువ పెట్టి ఐదువేలు తెచ్చాడు. నూటికి నెలకు రెండు రూపాయల మిత్తి. ఆ రోజుల్లో అది అన్యాయమని ఎవరూ అనుకోలేదు, లోకమంతా అట్లాగే నడిచేది.

ఎండకాలంలో స్లాబు పోశారు. పొద్దున అయ్యగారు, అంటే మా సంఘపు పాస్టరు, వచ్చి ప్రార్థన చేశాడు. సంఘం ఆడవాళ్లు కూలీ తీసుకోకుండా తట్టలు మోశారు. మేక కోశారు, జొన్నరొట్టెలు చేశారు, నిచ్చెన మీద వరుసగా చేతులు మారుతున్న తట్టల వెంట కీర్తన కూడా చేతులు మారినట్టుగా కింది నుంచి పైకి పోయింది. తరువాత పదిహేను రోజులు స్లాబు మీద నీళ్లు నిలిచాయి. ఆ మడులలో నేను కాగితపు పడవలు వేశాను, తునికి గింజలతో చేపలాట ఆడాను, గట్టుకు చెంప ఆనించి నీళ్లలో ఆకాశం చూశాను. నా జీవితంలో అంత పెద్ద చెరువు మళ్లీ చూడలేదు.

ఆ తరువాతి దీపావళికి సేటు తానే మా ఇంటికి వచ్చాడు. చేతిలో లడ్డూల పొట్లం, చంకలో తోలు సంచి. సేటు మంచి మాటకారి. అవ్వ చాయ్ ఇచ్చింది.

"యాకోబూ, ఇల్లు మంచిగ జేసినవ్. నా దుకాణం మీద సుత గిట్లనే పోద్దువు గని."

"పోద్దాం తియ్ సేటూ. మిత్తి సంగతే జర..."

"నిన్ను అడిగిన్నా నేను? ఇప్పుడియ్యకు. అసలుల కలుపుత. కొత్త కాయితం మీద ఒక దస్కత్ పెట్టు, పాతది చింపేద్దం."

బాపు కళ్లలో నీళ్లు తిరిగాయి. సంతకం పెట్టాడు. చదవలేదు. చదవలేక కాదు. ఇంటికి వచ్చి లడ్డూలిచ్చి, మిత్తి అడగనని చెప్పిన మనిషి ముందు కాగితం చేతిలోకి తీసుకుని చదవడమంటే ఆయన ముఖం మీదే నిన్ను నమ్మనని చెప్పడం. మా వాడకట్టులో ఎవరూ ఆ పని చేయరు. సేటు ఒక్క అబద్ధం ఆడలేదని ఇక్కడే రాయాలి. కలుపుతానన్నాడు, కలిపాడు. ఆ మాటలో బాపు విన్నది దయ ఒక్కటే.

దీపావళి అయిన కొద్ది వారాలకు మా సంఘంలో కోత పండుగ వచ్చేది. కొత్త పంటలో మొదటి భాగం దేవునికి తెచ్చే రోజు. గుమ్మడికాయలు, మక్క కంకుల జడలు, పెసర్లు, కాళ్లు కట్టిన కోళ్లు, మొదటి ఈత పాలు అన్నీ బలిపీఠం ముందు పోగుపడేవి. ఆరాధన అయ్యాక చెట్టు కింద వేలం. పావలా గుమ్మడికాయ దేవుని పేరున మూడు రూపాయలకు పోయేది, కొన్నవాడే మళ్లీ ఇచ్చేవాడు, మళ్లీ వేలం, మళ్లీ నవ్వులు. మాకు పొలం లేదు కనుక బాపు కోడిని తెచ్చేవాడు, సాక్ష్యం చెప్పేవాడు, అంటే ఆ ఏడు దేవుడు చేసిన మేలును అందరి ముందు చెప్పేవాడు. ఆ ఏడు లేచి నిలబడి ఇట్లా అన్నాడు: "సావుకారి ఇంటికొచ్చి సుత మిత్తి అడుగలే. దేవుడు ఆయిన మనసు మెత్తగ జేసిండు. గందుకే నేను కృతజ్ఞత చెప్తున్న." సంఘమంతా "స్తోత్రం" అంది. అవ్వ కొంగుతో కళ్లు తుడుచుకుంది.

మరుసటి ఏడు అదే లడ్డూలు, అదే కొత్త కాగితం, అదే కోడి, అదే సాక్ష్యం. మూడో ఏడూ అంతే. అప్పుల్లో ఉన్నవాళ్లు కొందరు ఆ సాక్ష్యం విని తమ సావుకార్ల కోసం కూడా ఉపవాసముండి ప్రార్థన చేశారు. మిత్తి పెరిగిన ప్రతిసారీ మేము దేవునికి కోడిని ఇచ్చామన్న సంగతి మాలో ఒక్కరికీ తెలియదు.

నాలుగో ఏడు నేను ఏడో తరగతికి వచ్చాను. లెక్కల సారు బోర్డు మీద చక్రవడ్డీ చెప్పాడు. ఈ ఏటి వడ్డీ అసలులో కలిస్తే వచ్చే ఏడు దాని మీద కూడా వడ్డీ పడుతుందని చెప్పి, ఒక లెక్క ఇచ్చాడు. 'కలిస్తే' అన్న మాట దగ్గర నా చెయ్యి ఆగింది. ఇంటికి వచ్చి నోటుబుక్కు చివరి పేజీలో మా లెక్క వేశాను. ఐదువేలు మొదటి ఏటికి ఆరువేల రెండువందలైంది. రెండో ఏటికి ఏడువేలు దాటింది. నాలుగో ఏటికి పదకొండువేల ఎనిమిదివందలు. తప్పు చేశానని మూడుసార్లు కొట్టివేసి మళ్లీ వేశాను. అంకెలు మారలేదు.

మొదట అవ్వకు చూపించాను. ఆమె చాట మీద నుంచి తల ఎత్తలేదు.

"గియ్యి నాకు జెప్తే నా ఆకులు తక్కువైతయానే? పొయ్యి మీ బాపుకు జెప్పు. నేను జెప్తే ఆడిదాని లెక్క అంటడు."

బాపు స్లాబు మీద మిరపకాయలు ఎండబోస్తున్నాడు. పక్కన కూర్చుని నోటుబుక్కు విప్పాను.

"బాపూ, కలుపుడంటే మాఫీ జేసుడు గాదు. జూడు, మనం పదకొండువేల మీద ఉన్నం."

ఆయన ఆ పేజీ కింది దాకా చూశాడు. కోపం చేయలేదు. కోపం చేసినా బాగుండేది.

"బిడ్డా, నీకు లెక్కలు మంచిగొస్తయ్. దేవుడిచ్చిన తెలివే. కని దేవుడు జేసిన మేలుకు ఎవ్వలన్న లెక్క రాస్తరా? మూడేండ్లు సంఘంల నిలబడి చెప్పిన. గిప్పుడు అదంత అబద్ధమంటవా?"

నేను నోటుబుక్కు మూశాను.

"గీ కోత పండుగకు నా సాక్ష్యం ముందట నువ్వొక పాట పాడు. నీ గొంతు మంచిగుంటది."

పాడాను. తెల్ల గౌను వేసుకుని, రెండు జడలకు ఎర్ర రిబ్బన్లు కట్టుకుని, దేవుని కృప ఏటేటా పెరుగుతుందని పాడాను. ఏటేటా ఏం పెరుగుతున్నదో లెక్క వేసి చూసినదాన్ని ఆ గదిలో నేనొక్కదాన్నే. తరువాత బాపు లేచి సాక్ష్యం చెప్పాడు. నేను కూడా "స్తోత్రం" అన్నాను.

ఐదో దీపావళికి సేటు లడ్డూలు తేలేదు. కొడుకు వేరే దుకాణం పెడుతున్నాడని, పైసలు కావాలని చెప్పాడు. పద్నాలుగువేల ఆరువందల చిల్లర అన్నాడు. నా లెక్క నమ్మని బాపు నవ్వాడు. "ఐదువేలు గద సేటూ, పరాచికాలా?" అన్నాడు. సేటు నవ్వలేదు. అయ్యగారిని పిలిపించారు. మా వాకిట్లో కుర్చీ వేసుకుని, కళ్లజోడు సర్దుకుని, ఆయన కాగితం మొత్తం చదివాడు. ఆదివారం వాక్యం చదివే గొంతుతోనే చదివాడు, ఆయనకు వేరే గొంతు లేదు. చివర బాపు పేరూ, బాపు దస్కతూ వచ్చాయి. ఎవరూ ఆమెన్ అనలేదు.

ఇల్లు సేటు పేరున రాసిచ్చాం. ఇంటి ధర కొంచెం ఎక్కువే ఉంటుందని ఆయనే రెండువేలు పైన ఇచ్చాడు. బాపు అందులోంచి రెండువందలు తీసి దశమభాగం కవరులో పెట్టబోయాడు. మా అవ్వ ఆయనకు ఎదురు మాట్లాడడం నేను మొదటిసారి విన్నది అప్పుడే.

"ఇల్లు పోయిన పైసలల్ల సుత దేవునికి వంతా? ఇల్లు లేంది ఆయనకా, మనకా?"

బాపు కవరు అంటించాడు. అది విశ్వాసమో మొండితనమో నాకు ఇప్పటికీ తెలియదు. ఆ రెండువందలు దేవుడు అడిగి ఉంటాడని మాత్రం నేను నమ్మను.

కోత పండుగ నాడు ఆయన అలవాటుగా లేచాడు. చేతిలో కోడి లేదు. గొంతు సవరించుకున్నాడు, ముందు కుర్చీ వీపు పట్టుకున్నాడు, మళ్లీ కూర్చున్నాడు. సంఘం అలవాటుగా "స్తోత్రం" అంది.

తరువాతి సంగతులు నెమ్మదిగా జరిగాయి. ఒక్క అర్ర, అంటే ఒకే గది, అద్దెకు తీసుకున్నాం. చొప్పదండిలో తల ఎత్తుకోలేక బాపు ఖానాపూర్ పోయాడు, అక్కడి నుంచి ఇంకా పైకి, ఉట్నూరు అడవి ఊళ్లలో హాస్టళ్లకూ బడులకూ స్లాబులు పోయడానికి. జీపు వెనక వేలాడుతూ పోయేవాడు, రెండు నెలలకోసారి వచ్చేవాడు, వచ్చిన ప్రతిసారీ మరింత సన్నబడి ఉండేవాడు. అవ్వ రోజుకు చేసే బీడీలు పెంచింది, దగ్గు కూడా పెరిగింది. పదో తరగతి అయ్యాక రెండేళ్లు నేను కూడా ఒళ్లో చాట పెట్టుకున్నాను. అప్పు ఇల్లు తీసుకుని వెళ్లిపోయిందనుకున్నాం. అది ఇంకా మా ఇంట్లోనే తింటున్నదని తెలియలేదు.

తొంభైల మొదట్లో బాపు ఉట్నూరు నుంచి జ్వరంతో వచ్చి, కరీంనగర్ ఆసుపత్రిలో నాలుగో రోజు పోయాడు. బండి మాట్లాడుకుని చొప్పదండికి తెచ్చాం. వాడకట్టు మూల దగ్గరే, అర్ర అద్దెకిచ్చిన ఇంటాయన ఎదురొచ్చి చేతులు జోడించాడు.

"చెల్లే, ఏమనుకోకు. కిరాయి ఇంట్లకు పీనుగను తేవద్దు. మాకు అచ్చిరాదు. నెల కిరాయి సుత వద్దు నాకు."

ఆయన చెడ్డవాడు కాడు. మా దిక్కు ఎవరూ రానివ్వరు. సొంత ఇల్లు లేనివాళ్లు పోయినవాళ్లను రోడ్డు మీద టెంటు వేసి పడుకోబెడతారు. అయ్యగారు గుడి వరండా తెరిపించాడు. ఎన్ని ఊళ్లలో ఎన్ని కప్పులు వేశాడో లెక్కలేని మా బాపును సంఘపు రేకుల కింద పడుకోబెట్టాం. అవ్వ ఏడవలేదు. నా చెయ్యి పట్టుకుని ఒక్క మాట అడిగింది: "ఆ పొద్దు నువ్వు రాసిన లెక్కల గిది సుత ఉండెనా బిడ్డా?"

లేదు. ఆ పేజీలో ఇది లేదు. ఏ సారూ బోర్డు మీద దీన్ని వేయలేదు.

ఇప్పుడు చొప్పదండిలో మా ఇంటి జాగాలో మూడంతస్తుల దుకాణాలున్నాయి. కోత పండుగకు గుమ్మడికాయలు రావు, వేలం లేదు, అందరూ కవర్లు ఇస్తారు. చెట్టు కింద వినిపించిన ఆ నవ్వులు ఎక్కడా లేవు. అవ్వ పోయి చాలా ఏళ్లయింది. నేను బడిలో లెక్కలు చెప్పి చెప్పి రిటైరయ్యాను.

పోయిన ఆదివారం మా కరీంనగర్ సంఘంలో కొత్తగా పెళ్లయిన జంట లేచి సాక్ష్యం చెప్పారు. బ్యాంకులో ఇంటి లోను మంజూరైందట, ఇరవై ఏళ్లకట, మొదటి కొన్ని నెలలు ఏమీ కట్టనక్కర లేదట, అది దేవుని దయ అట. ఆ నెలల వడ్డీ ఎక్కడికి పోతుందో వాళ్లు అడిగారో లేదో తెలియదు. సంఘమంతా స్తోత్రం చెప్పింది. నా పెదవులు కూడా కదిలాయి. ఇంటికి వచ్చాక కాగితం తీసి ఇరవై ఏళ్ల లెక్క వేశాను. ఇల్లు కొనవద్దని కాదు. దేవుడు పిల్లలకు నీడ ఇవ్వాలి. కానీ ఒక ఇంటికి వాళ్లు ఎన్ని ఇళ్ల ధర కట్టబోతున్నారో, ఉద్యోగం పోయిన నెల ఏమవుతుందో, సంతకం చేసేముందు ఒక్కసారి కూర్చుని చదువుకోవాలి. చదవమనడం అవిశ్వాసం కాదని వాళ్లకు ఎవరైనా చెప్పాలి.

వాళ్ల సంతకాలు శుక్రవారం. నేను గురువారం పొద్దున వాళ్ల ఇంటికి పోవాలనుకుంటున్నాను. సంతోషంలో ఉన్న పిల్లల ముందు ఈ అంకెలు పెడితే ముసలిదాని నోరు మంచిది కాదంటారేమో. పన్నెండేళ్లప్పుడు ఒకసారి నోరు మూసుకుని పాట పాడినదాన్ని, నా మీద నాకు నమ్మకం తక్కువ. ఇది చదువుతున్న మీరు ఏ మతం వాళ్లయినా, ఏ పేరుతో ఆయన్ను పిలిచినా సరే, ఒక్క నిమిషం కళ్లు మూసుకుని నాతో పాటు అడగండి: తండ్రీ, ఆ గడప దగ్గర ఈ ముసలిదాని గొంతు పూడిపోకుండా చూడు. ఆ పిల్లలు వినేటట్టు చెయ్యి. ఆమెన్.