తవ్వకుండా వదిలిన మట్టి

మా అమ్మ ముప్పై ఏళ్లు కాలువలు తవ్వింది. బిజినేపల్లి దగ్గరి మా ఊరి నుంచి మేస్త్రి ఎక్కడికి తీసుకెళ్తే అక్కడికి జట్టుతో పాటు వెళ్లేది. నేనేమో హైదరాబాద్‌లో శిల్పకళ చదివాను. ఆ తర్వాత జనం ముందు ప్రదర్శనలిచ్చాను, చిన్న చిన్న సినిమాలు తీశాను. నీ బిడ్డ ఏం పని చేస్తుందని ఎవరైనా అడిగితే అమ్మ, "నాకు తెల్వదు, మన్నుతోని ఏందో చేస్తది" అనేది.

పోయినేడు నాగర్‌కర్నూలులో కళాప్రదర్శనకు నన్ను పిలిచారు. అమ్మ పని మీదే ఏదైనా చేయాలనుకున్నాను. గుంత తవ్వేటప్పుడు కూలీలు మధ్యలో కొంచెం మట్టిని తవ్వకుండా దిమ్మలా వదిలేస్తారు. ఎంత లోతు తవ్వారో మేస్త్రి ఆ దిమ్మకు టేపు పెట్టి కొలుస్తాడు. కొలత అయ్యాక దాన్నీ కొట్టేస్తారు. అలాంటి దిమ్మను నేను నిలువెత్తున సిమెంటుతో మా పెరట్లో కట్టాను. మూడు వారాలు పట్టింది.

అమ్మ దాని చుట్టూ ఒకసారి తిరిగి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది.

"గిదేంది బిడ్డా? దిమ్మను ఎవరన్న కడ్తరా? సుట్టూ తవ్వుకుంట పోతే అదే మిగుల్తది."

నాకు ఏడుపొచ్చినంత పనైంది. తెల్లారి కోపంగానే, "అయితే నువ్వే తవ్వి చూపియ్యి" అన్నాను.

"నేనొక్కదాన్నే ఎట్ల తవ్వుత? మా జట్టోళ్లను పిలుస్త."

పాత జట్టులోని ఎనిమిది మంది ఆడవాళ్లు గడ్డపారలు, గంపలతో వచ్చారు. వేరుశనగ పీకేసిన చెలకలో తవ్వకం మొదలైంది. నేనూ వాళ్లతో దిగాను. రెండో రోజుకే నా అరచేతులు బొబ్బలెక్కాయి. గట్టు మీద కెమెరాతో ఇదంతా సినిమా తీస్తున్న నా స్నేహితురాలు, "అమ్మా, ఇంకొక్కసారి అట్లాగే తవ్వండి" అని అడిగింది.

"తవ్విన మన్ను మళ్ల తవ్వుతరా? నువ్వే జర జల్ది తియ్యి" అంది అమ్మ. అందరూ పగలబడి నవ్వారు. సినిమాలో ఆ నవ్వును అలాగే ఉంచేశాం.

ప్రదర్శన చివరి రోజు ఉదయం నిర్వాహకులు జనాన్ని మా చెలకకే తీసుకొచ్చారు. డేరాలో టీవీ మీద సినిమా చూపించాం. తర్వాత అందరూ గుంత చుట్టూ నిలబడ్డారు. వాళ్ల కళ్ల ముందే మేం పదిమందిమి మిగిలిన జానెడు లోతూ తవ్వాం. గంపలు చేతులు మారుతూ పైకి వెళ్లాయి. మధ్యలో ఎర్రమట్టి దిమ్మ నిలిచింది. దాని నెత్తిన వేరుశనగ మోళ్లు ఇంకా అలాగే ఉన్నాయి.

కొలవడానికి నేను టేపు తీశాను.

"ఇటియ్యి" అంది అమ్మ. అన్నేళ్ల పనిలో ఆమె చేతికి ఎవరూ టేపు ఇవ్వలేదు. కింద ఒకామె కొస పట్టుకుంటే, అమ్మ దిమ్మ పైదాకా లాగి చూసి, గుంతంతా మోగేలా అరిచింది.

"ఐదడుగులు!"

చప్పట్లు ఆగలేదు. మట్టిపనికి వలస పోయి వచ్చిన ఒక ముసలాయన మెల్లగా గుంతలోకి దిగి దిమ్మను నిమిరాడు. "ఇసొంటియి ఎన్ని కొట్టేసిన్నో అమ్మా! నిలవెట్టి సూసింది ఇయ్యాల్నే" అన్నాడు.

ఆ సాయంత్రమే గద్వాల నుంచి వచ్చిన ఒక కాలేజీ మేడమ్, తమ దగ్గర కూడా చేస్తారా అని నన్ను అడిగింది. నేను నోరు తెరిచేలోపే అమ్మ అందుకుంది.

"వస్తం గని మేడమ్, ఆడ మీది నల్ల మన్నా, ఎర్ర మన్నా?"