చివరి ఆయుధం కత్తి

ఆవిడకి అమ్మానాన్నలు పెట్టిన పేరు జీతం చీటీ మీద తప్ప ఇంకెక్కడా కనిపించదు. షాపులో అందరికీ అక్క. అక్క వెనక్కి తిరగ్గానే సీమటపాకాయ. ఆ పేరు పెట్టినవాడు వ్యాన్ డ్రైవరు. అగ్గిపుల్ల కూడా అక్కర్లేదు, దగ్గరికెళ్తే చాలు పేలుతుందని వాడి ఉద్దేశం. ఆవిడకి తెలియదా అంటే, తెలుసు. "పేలతాను. మీ మధ్య పడి పని చేస్తూ పేలకుండా ఉండాలంటే నేను రాయినన్నా అయ్యుండాలి, దేవతనన్నా అయ్యుండాలి" అని వాడి మొహం మీదే అనేసింది.

ఆ కోపం ఊరికే వచ్చింది కాదు, ఆ సంగతి ముందు చెప్పాలి. ఫ్రిజ్జులూ వాషింగ్ మెషీన్లూ బాగుచేసే ఆ షాపులో ఆవిడ మొదట చేరింది ఊడవడానికి. ఊడుస్తూ చూసింది. స్క్రూడ్రైవరు అందించమంటే అందించింది, తర్వాత బిగించమంటే బిగించింది, ఆ తర్వాత ఎవరూ చెప్పకుండానే విప్పింది. మోటార్లు మార్చడం వచ్చింది, కంప్రెసర్లు మార్చడం వచ్చింది, రాగి గొట్టాలు అతికే మంట పట్టుకోవడం వచ్చింది, గ్యాస్ నింపడం వచ్చింది. ఎడమ మణికట్టు మీది కాలిన మచ్చే ఆ చదువుకి సర్టిఫికెట్టు. ఇంతా వచ్చాక ఏం జరిగేది? కొత్తగా ఎవడో ఒక మగాడు పనిలో చేరేవాడు. ఓనరు మెల్లగా వచ్చి, "అమ్మా, కొన్నాళ్లు కౌంటర్లో కూర్చో, కస్టమర్లతో నువ్వు చక్కగా మాట్లాడతావు" అనేవాడు. చక్కగానట! సీమటపాకాయట! నాలుగు రోజులు తిరక్కుండా ఏ కస్టమరో "మీ షాపులో ఆవిడ నన్ను నిలబెట్టి కడిగేసింది" అని ఫోన్ చేసేవాడు, ఆవిడ మళ్లీ తన బెంచీ దగ్గరికి వచ్చి పడేది. ఈలోపు కొత్తవాడు పాడుచేసిన కంప్రెసర్లు ఎవరు సరిచేయాలి? ఆవిడే.

ఇక ఆట సంగతి. మధ్యాహ్నం టిఫిను డబ్బాలు మూసేశాక, పని బల్ల చుట్టూ స్టూళ్లు లాక్కుని నలుగురూ ఫోన్లు తీసేవారు. ఓనరు, ఓనరు బామ్మర్ది, వ్యాన్ డ్రైవరు, అక్క. తుపాకుల ఆట. ఇందులో జట్లు లేవు. ఎవరికి వారే, అందరికీ అందరూ శత్రువులే. మొదట అందరి చేతికీ మంచి మెషిన్ గన్ ఇస్తారు. దాంతో ఒకణ్ణి పడేస్తే అది పోయి తర్వాతి తుపాకీ వస్తుంది. అలా మెట్టు మెట్టూ ఎక్కాలి. తమాషా ఏమిటంటే పైకి వెళ్లేకొద్దీ ఆయుధం నాసిరకం అవుతుంది. చిట్టచివరి మెట్టు మీద ఉత్త కత్తి. ఆ కత్తితో ఎవరినన్నా పొడిస్తే ఆట గెలిచినట్టే. ఇంకో మెలిక కూడా ఉంది. కత్తి మొదటినుంచీ అందరి నడుముకీ ఉంటుంది. తుపాకీతో చంపితే చచ్చినవాడు మళ్లీ తన మెట్టు మీదే లేస్తాడు. కత్తితో పొడిస్తే మాత్రం ఒక మెట్టు కిందికి దిగిపోతాడు.

"ఇదేదో మన షాపులాగే ఉందే" అంది అక్క, ఆ నియమం మొదటిసారి విన్నప్పుడు. ఓనరు పకపకా నవ్వాడు. ఆవిడ నవ్వలేదు.

ఇలా ఉండగా ఓనరు ఊరికి అటువైపు రెండో షాపు తీశాడు. దానికి ఇన్‌చార్జి కావాలి. ఆ కుర్చీ ఎవరిదో షాపులో గోడలకి కూడా తెలుసు. కానీ ఇంట్లో ఓనరు భార్య, "మా తమ్ముడికి ఇవ్వకపోతే నాతో మాట్లాడకండి" అని తెగేసి చెప్పింది. తమ్ముడంటే ఈ బామ్మర్దే. పాపం చెడ్డవాడేం కాదు, బోల్టులు బాగానే బిగిస్తాడు. గొట్టాలు అతికే మంట వెలిగిస్తే మాత్రం రెండడుగులు వెనక్కి వేస్తాడు. ఇంట్లో భార్య పోరు, షాపులో అక్క చూపు. ఈ రెంటి మధ్యా నలిగిన ఓనరు బుర్రకి ఒక దిక్కుమాలిన ఆలోచన తట్టింది.

"శనివారం ఆటలో మీ ఇద్దరిలో ఎవరు గెలిస్తే వాళ్లకే తాళాలు" అన్నాడు సోమవారం పొద్దున్న, టీ గ్లాసు చేత్తో పట్టుకుని. "నాకు ఎవరి మీదా పక్షపాతం లేదు. ఆట ఎలా తేలిస్తే అలా."

అక్క చేతిలో రెంచీ బల్ల మీద ధన్‌మని పడింది.

"ఇన్నేళ్ల నా పని మీకు కనిపించలేదా అన్నా? కళ్లకి గంతలు కట్టుకుని కూర్చున్నారా ఇన్నాళ్లూ?"

"అబ్బ, పని గురించి కాదమ్మా..."

"మరి దేని గురించి? వదినగారి గురించేగా? ఆవిడకి చెప్పే ధైర్యం మీకు లేదు, నాకు చెప్పే ధైర్యమూ లేదు. అందుకని ఫోన్ చేత చెప్పిస్తున్నారు. సిగ్గుగా లేదూ?"

బామ్మర్ది చెవులు ఎర్రబడ్డాయి. ఓనరు టీ తాగడం మర్చిపోయి, "ఇష్టం లేకపోతే ఆడకమ్మా" అని గొణిగాడు. అదీ అసలు కిటుకు! ఆడనంటే తాళాలు తన చేత్తో తనే అవతలవాడికి ఇచ్చినట్టు. ఆ ముక్క అర్థమయ్యేసరికి ఆవిడకి ఒళ్లు మండిపోయింది. "ఆడతాను. ఆడి మీ అందరి తాట తీస్తాను" అంది.

ఆ వారం ఇల్లు ఇల్లులా లేదు. బస్సులో ఆటే, పొయ్యి దగ్గర ఆటే. ఆవిడ మొగుడు బస్సు కండక్టరు, నెమ్మదస్తుడు. అన్నం పళ్లెం ముందు పెట్టుకుని, "కూరేదీ?" అన్నాడు ఓ సాయంత్రం.

"ఆగండి, చచ్చాను."

"అయ్యో!"

"నేను కాదు, ఆటలో."

ఆయన తనే లేచి కూర వడ్డించుకుని, ఆవిడ నోట్లో కూడా ఓ ముద్ద పెట్టాడు. "గెలుస్తావులే. కాకపోతే ఆ బటన్ కొంచెం నెమ్మదిగా నొక్కు, ఫోను గోల పెడుతోంది" అన్నాడు. ఆవిడకి నవ్వొచ్చింది, అయినా నొక్కడం తగ్గించలేదు.

శనివారం వచ్చింది. షట్టరు సగం దించి, నలుగురూ కూర్చున్నారు. ఓనరు కూడా ఆడాడు, తను గెలిస్తే లెక్కలోకి రాదని ముందే చెప్పి. తెర మీద పెద్ద గోడౌను, ఇనప కంటైనర్లు, వాటి మధ్య సందులు. అక్క మొదటి నాలుగు తుపాకులూ చకచకా దాటేసింది. ఓనర్ని ఒకసారి, డ్రైవర్ని ఒకసారి, మళ్లీ ఓనర్ని. బామ్మర్ది సందు చివర కనబడితే వాణ్ణీ లేపేసింది. "అక్కా, ఇదెక్కడ నేర్చుకున్నావ్!" అని వాడు నోరెళ్లబెట్టాడు. వాడికి నిజంగానే ముచ్చటేసింది.

కాసేపటికి ఏదో తేడా కొట్టింది. బామ్మర్ది గబగబా మెట్లు ఎక్కుతున్నాడు. ఆవిడ వాడి తుపాకీకి దొరకట్లేదు, ఓనరు వాడికి ఎదురుపడట్లేదు. మరి ఎవరిని చంపి ఎక్కుతున్నాడు? ఒక కంటైనరు మీదికెక్కి చూసింది. కింద డ్రైవరు బొమ్మ గోడకేసి నిలబడి ఉంది, చెరువు గట్టు మీద కొంగలా. బామ్మర్ది వచ్చి కాల్చాడు. డ్రైవరు మళ్లీ లేచి, మళ్లీ అక్కడికే నడిచొచ్చి నిలబడ్డాడు. వాడు మళ్లీ కాల్చాడు.

"ఒరేయ్!" ఆవిడ అరుపుకి షట్టరు అవతల ఎవరో ఆగారు. "ఎవరికి వారే ఆడాల్సిన ఆటలో వాడికి వీపు అప్పజెప్తావేంట్రా? నీకు నేనేం ద్రోహం చేశాను?"

డ్రైవరు ఒక్క క్షణం ఓనరు వైపు చూశాడు. ఆ ఒక్క చూపుతో ఆవిడకి మొత్తం అర్థమైపోయింది. వీడికి వీడుగా తోచిన పని కాదు, 'మా వాణ్ణి కాస్త చూసుకో' అని ఎవరో చెవిలో ఊదారు. పక్షపాతం లేదట, ఆట ఎలా తేలిస్తే అలానట!

"ఆటలో గొడవెందుకమ్మా, ఆడు, ఆడు" అన్నాడు ఓనరు, ఫోన్లోంచి కళ్లు తీయకుండా.

ఈ మాటల సందట్లో బామ్మర్ది వెనకనుంచి వచ్చి ఆవిణ్ణి కత్తితో పొడిచాడు. ఒక మెట్టు దిగిపోయింది. ఆవిడ పళ్లు పటపటా కొరికింది. ఇక నోరు మూసుకుని ఆడింది. కోపం చేతుల్లోకి దిగింది. ఓనర్ని వరసపెట్టి వేటాడింది, వాడు ఎక్కడ లేస్తే అక్కడ పడేసింది. చివరికి పిస్తోలు దాటింది. తెర మీద ఆవిడ చేతిలో కత్తి మెరిసింది. బామ్మర్ది చేతిలోనూ కత్తే, కాకపోతే ఆ అరుపు విన్నాక డ్రైవరు వాడి ముందు మళ్లీ నిలబడలేదు. ఇప్పుడు ఎవరు ముందు ఒక్క పోటు పొడిస్తే వాళ్లవే తాళాలు.

సందు మలుపులో నక్కి నక్కి నడుస్తోంది. ఎదురుగా డ్రైవరు బొమ్మ వచ్చింది. వాడి చేతిలో తుపాకీ ఉంది, కాల్చొచ్చు. కాల్చలేదు. ఆగాడు. మెల్లగా అటు తిరిగి, వీపు ఆవిడ ముందు పెట్టి నిలబడ్డాడు.

పక్క స్టూలు మీదినుంచి సన్నగా వినబడింది. "పొడువక్కా."

బొటనవేలు బటన్ మీదే ఉంది. అంతే, ఒక్క నొక్కుడు. కొత్త షాపు, ఇన్‌చార్జి కుర్చీ, ఇక జన్మలో ఎవడూ 'కౌంటర్లో కూర్చోమ్మా' అనకపోవడం, అన్నీ ఆ వేలి కిందే ఉన్నాయి. కానీ ఇందాక ఇదే వీపు వాడికిచ్చినందుకేగా తను గొంతు చించుకుంది! వాడికి ఇస్తే ద్రోహం, నాకు ఇస్తే న్యాయమా? ఆవిడకి ఎక్కళ్లేని కోపమూ వచ్చేసింది. వాడి మీదా, ఓనరు మీదా, ఆ వీపు మీదా.

"తిరగరా" అంది.

"ఏంటీ?"

"ఇటు తిరుగు. తుపాకీ ఎత్తు. కాల్చు నన్ను. తప్పించుకుని వచ్చి పొడుస్తాను."

"అక్కా, నీకేమైనా పిచ్చా? పొడిచెయ్!"

"తిరుగుతావా లేదా!"

తెర ఎర్రగా మారిపోయింది. మలుపు తిరిగి పరుగెత్తుకొచ్చిన బామ్మర్దికి ముందు కనబడింది అక్క వీపు. వాడు పొడిచేశాడు. ఆట అయిపోయింది.

ఓనరు గుండెల నిండా గాలి పీల్చుకున్నాడు. జేబులోంచి తాళాలు తీసి బల్ల మీద బామ్మర్ది ముందు పెట్టాడు. "చూశారుగా, ఆట తేల్చేసింది. నా చేతుల్లో ఏముంది?" అన్నాడు. భారం దిగిన ఉత్సాహంలో ఆగకుండా, "అన్నట్టు అమ్మా, సోమవారం నుంచి నువ్వూ అక్కడికే వెళ్లాలి. వీడికి గ్యాస్ పని రాదు కదా. నువ్వు పక్కనుంటే వీడు నడిపేస్తాడు. నేను ముందే అలా అనుకున్నాను" అన్నాడు.

పేలింది. ఎలా పేలిందంటే స్టూలు వెనక్కి పడిపోయింది.

"ముందే అనుకున్నారా? అంటే ఎవరు గెలిచినా చాకిరీ నాదే, కుర్చీ ఎవరిదో తేల్చడానికా ఈ ఆట? ఆట పెట్టారు, ఆడాను. ఓడాను. తాళాలు వాడివే, కాదన్నానా? ఓడినవాళ్లు గెలిచినవాడికి ఊడిగం చెయ్యాలని ఏ రూల్లో ఉంది? చూపించండి. ఈ ఫోన్లోనే చూపించండి!"

"అది కాదమ్మా, షాపు నడవాలి కదా..."

"గెలిచినవాడున్నాడుగా, నడుపుతాడు. నేను ఈ బెంచీ వదిలి అంగుళం కదలను."

"అక్కా, నాకు ఆ మంట అంటేనే భయం" అన్నాడు బామ్మర్ది, తాళాలు ముట్టుకోకుండా.

"నాకెందుకు చెప్తావ్? మీ బావకి చెప్పు. ఇంకో ఆట పెడతాడు."

మాటలైతే ఘనంగా అనేసింది గానీ, బెంచీ దగ్గరికి వెళ్లాక ఒకే స్క్రూతో మూడుసార్లు కుస్తీ పట్టింది. అది గాడిలో పడలేదు. 'ఒక్క నొక్కుడు నొక్కితే పోయేదే, దద్దమ్మా' అని తన్ను తనే తిట్టుకుంది. ఓడిపోవడం కంటే, ఓడిపోయేది తెలిసీ ఆగడం ఆవిడకి ఎక్కువ మండింది. తాళాలు సాయంత్రం దాకా ఆ బల్ల మీదే పడి ఉన్నాయి.

సాయంత్రం ఒక ఫ్రిజ్జు ఇంటికి చేర్చి బిగించాలి. వ్యాన్లో డ్రైవరు పక్కన కూర్చుంది. రెండు వీధులు దాటారు. ఎర్ర సిగ్నల్ దగ్గర బండి ఆగింది.

"అక్కా, మొదట వాడికి చేసింది తప్పే" అన్నాడు డ్రైవరు, స్టీరింగు వైపు చూస్తూ. "సార్ చెప్పారు, కాదనలేకపోయాను. కానీ తర్వాత నీకు కూడా వీపు పెట్టాను కదా. పొడిచేస్తే అయిపోయేది. ఈపాటికి తాళాలు నీ చేతిలో ఉండేవి. ఎందుకు పొడవలేదక్కా?"

ఆవిడ కళ్లు నిండాయి. ఏడుపు కాదు, ఒట్టి కోపం. కొంగుతో గట్టిగా తుడిచేసుకుంది.

"ఆ షాపు నాదిరా. ఈ చేతుల్తో సంపాదించుకున్నాను. నాది నాకు రావడానికి నువ్వు వీపు అప్పజెప్పి చావాలట్రా?"

సిగ్నల్ పచ్చగా మారింది. వెనక బండ్లు హారన్లు కొడుతున్నాయి. డ్రైవరు గేరు మీద చెయ్యి వేసి, బండి కదపడం మర్చిపోయి అలాగే కూర్చున్నాడు.