గోడ అవతలి గొంతు

నేను దయ్యాలను నమ్మే మనిషిని కాను. మనుషులనే తొందరగా అనుమానిస్తాను. ఇబ్రహీంపట్నంలో జరిగింది చెబితే మీకే తెలుస్తుంది.

ఆదిభట్లలో ఉద్యోగం చేస్తూ సెలవుల్లో షార్ట్ ఫిల్మ్‌లు తీస్తుంటాను. నాకు సౌండ్ చూసేది ఎనిమిదేళ్లుగా నా స్నేహితుడైన ఖాజా. కిందటేడు ఒక పాత విదేశీ భయానక కథను మన ఊరికి మార్చి రాసుకున్నాను. ఒంటరి ఇల్లాలు గోడ తట్టి "ఎవరక్కడ?" అని అడుగుతుంది. జవాబు రాదు. ఆ మౌనమే కథకు ప్రాణం. జవాబు ఉండాలని ఖాజా పట్టుబట్టాడు. నేను ఒప్పుకోలేదు.

ఇబ్రహీంపట్నం చివర ఖాళీ ఇల్లొకటి అద్దెకు తీసుకున్నాం. గోడ అవతల ముళ్ల పొదల ప్లాటు. ఇల్లాలి వేషం రేణుకది, స్థానిక బడిలో టీచరు. మిట్టమధ్యాహ్నం షాట్ తీశాం. ఎవరికీ ఏమీ వినిపించలేదు.

మర్నాడు ఎడిటింగ్‌లో "ఎవరక్కడ?" తర్వాత ఓ ఆడగొంతు స్పష్టంగా వినిపించింది.

"నేనే అక్కా. జర గొళ్లెం తియ్యి."

నా అనుమానం సూటిగా ఖాజా మీదికే పోయింది. పిలిచి అడిగేశాను.

"నీ పంతం నెగ్గించుకున్నవ్ కదా?"

"నేను కలపలే. హెడ్‌ఫోన్‌ల గూడ ఏం ఇనబడలే."

"మరి ఎవరు కలిపిన్రు?"

"ఎనిమిదేండ్ల దోస్తానీ. నేను గట్ల చేస్తనా?"

అతను రికార్డర్ సంచీ భుజాన వేసుకుని వెళ్లిపోయాడు. రెండు వారాలు ఫోన్ ఎత్తలేదు.

ఆ తర్వాత ఫోన్‌లో జాగా నిండిపోయి పాత వీడియోలు తీసేస్తున్నాను. వెలుతురు చూసుకోవడానికి షూటింగ్‌కు ముందురోజు నేనే తీసిన రిహార్సల్ కనిపించింది. అందులో రేణుక గోడ తట్టింది. అదే గొంతు, అవే మాటలు. ఆ రోజు ఖాజా అబ్దుల్లాపూర్‌మెట్‌లో పెళ్లి షూటింగ్‌లో ఉన్నాడు. ఆ ఫోన్ నా చేయి దాటలేదు. రేణుకను అడిగితే, "నేనైతే ఇనలే సార్" అంది.

ఖాజా ఇంటికి వెళ్లి వీడియో చేతిలో పెట్టాను. రెండుసార్లు విన్నాడు. గొంతు ఎవరిదని అడగలేదు. ఫోన్ తిరిగిచ్చి, నా ముఖంలోకి చూశాడు.

"ఇది గూడ నేనే చేసిన్నా?"

ఆ గొంతు ఎక్కడిదో నాకు నేటికీ తెలియదు. ఆ రోజు అతనికి ఏం చెప్పి ఉండాల్సిందో కూడా తెలియదు.