సరిహద్దు కొండ మీద లేని చెరువు

థాయ్‌లాండ్, మలేషియాల సరిహద్దు మీద ఒక సున్నపురాతి కొండల వరుస ఉంది. ఆ రెండు దేశాలకూ దక్షిణాన ఉన్న చిన్న ద్వీపదేశంలో, బిషాన్ అనే పేటలో అద్దె గదిలో కూర్చుని నాలుగేళ్లు ఆ కొండల పటం గీశాను. సరిహద్దు గీతను కొండ కొనల వెంబడి గీశారు. వాన ఏ వాలున పడితే ఆ నీళ్లు ఆ దేశానివని లెక్క. సున్నపురాయి ఆ లెక్క వినదు. పడిన వాననల్లా పగుళ్లలోకి మింగి, లోపల తనకు తోచిన దారిన పంపిస్తుంది. ఇదంతా క్లాసులో పాఠం చెప్పినవాణ్ణే నేను.

ఆ ఫ్లాట్‌లో మరో ఇద్దరు అద్దెకుండేవాళ్లు. ఒకరి తలుపు చప్పుడు ఒకరికి తెలుసు, ముఖాలే అంతగా తెలియవు. వారమంతా తెలుగు మాట లేక నాలుక మొద్దుబారిపోయేది. అందుకే ఆదివారం కోసం కాచుకుని కూర్చునేవాణ్ణి. సెంబవాంగ్ షిప్‌యార్డులో పనిచేసే మా కర్నూలు జిల్లా మనిషి ఒకతను ఆ రోజు వచ్చేవాడు. రైల్లో నా ఫోన్ మాటలు విని, యాస పట్టుకుని పలకరించాడు. ఈ దేశం రాకముందు బేతంచెర్ల గనుల్లో రాయి తీసేవాడు. నేను బొరుగులతో ఉగ్గాని చేస్తే, బజ్జీ లేని ఉగ్గాని ఏం ఉగ్గాని అని వంక పెడుతూనే రెండు ప్లేట్లు తినేవాడు.

ఒక ఆదివారం గోడమీది పటం దగ్గర ఆగాడు.

"ఈ నీలం ఏంది సార్?"

"చెరువు."

"సున్నపురాయి మీద చెరువా? మా కాడ ఇట్లాంటి గుంతలుండాయి. వానలకు నిండుతాయి. శివరాత్రికంతా చుక్క ఉండదు. అడుగున బిలం ఉంటాది."

నా దగ్గరున్నది వానలు ముగియగానే తీసిన ఒక్క శాటిలైట్ ఫొటో. నీళ్లు కనిపించాయి, చెరువని రంగు వేశాను. ఆ మాట ఒప్పుకోవడానికి నోరు రాలేదు.

"దూరపు కొండలు నునుపు అంటారు గదా సార్," అని నవ్వాడు. "మీరు ఆ కొండ ఎక్కినారా?"

ఎక్కలేదు. అదే గుచ్చుకుంది.

"రాళ్లు కొట్టినంత సులువు కాదు పటం గీయడం," అన్నాను.

అతను ప్లేటు కడిగి బోర్లించి, "పోయొస్తా సార్" అన్నాడు. మరుసటి ఆదివారం రాలేదు. తప్పు నాదేనని తెలుసు. అయినా నా బెట్టు నాది. రేపు ఫోన్ చేద్దాంలే అనుకుంటూ మూడు నెలలు గడిపాను. అన్ని నెలలూ ఆదివారం ఒక్కణ్ణే తిన్నాను.

ఫిబ్రవరిలో ఎట్టకేలకు ఆ కొండ ఎక్కాను. రాతి అంచులకు అరచేతులు గీరుకుపోయాయి. నా చెరువు దగ్గరికి చేరేసరికి మధ్యాహ్నమైంది. చుక్క నీరు లేదు. నెర్రెలిచ్చిన బురద, దాని నడుమ మనిషి దూరేంత బిలం. దారి చూపడానికి వచ్చిన పెద్దాయన, ఆ నీళ్లు సరిహద్దుకు అవతల ఊటగా పైకొస్తాయని సైగలతో చెప్పాడు. నాకు పకపకా నవ్వొచ్చింది. ఆ నవ్వు పంచుకోవడానికి లోకంలో నాకున్నది ఒక్కడే మనిషని తోచి, కళ్లలో నీళ్లు తిరిగాయి.

తిరిగి రాగానే ఫోన్ చేశాను. నంబరు పనిచేయడం లేదు. ఆదివారం సెంబవాంగ్ వెళ్లి, వాళ్ల డార్మిటరీ గేటు దగ్గర నిలబడి అడిగాను. అతని గదిలోనే ఉండే షిప్‌యార్డు పనివాడొకడు, మా జిల్లావాడే, బయటికొచ్చాడు.

"పని పర్మిట్ అయిపోయినాది సార్. పోయిన నెల ఊరికి పోయినాడు. ఆడి నంబరు నా కాడ లేదు." నన్ను ఎగాదిగా చూశాడు. "బిషాన్ సారు మీరేనా?"

అవునన్నాను.

"ఆదివారమొస్తే గడ్డం గీక్కోని, ఇస్త్రీ చొక్కా ఏస్కోని కూర్చుంటా ఉండె. సారు పిలుస్తాడని."

"ఎన్నాళ్లు?"

"పోయేదాకా సార్."