బోర్లా తిప్పిన పుస్తకం

బిలాస్‌పూర్ రైల్వే స్టేషన్ వెయిటింగ్ హాల్లో, ఒక మనస్తత్వవేత్త రాసిన పుస్తకం చదువుకుంటున్నాను. పక్కనున్న పెద్దావిడ అట్ట మీది తల బొమ్మ చూసి, "ఏటమ్మా అది?" అంది. ఆవిడకి తెలుగు మాట్లాడటం వచ్చు గానీ చదవడం రాదట. మనసెందుకు బెదురుతుందో, నిద్రెందుకు పట్టదో రాశారని చెప్పాను.

ఆవిడ అటూ ఇటూ చూసి, నా ఒళ్ళోని పుస్తకాన్ని మూసి, అట్ట మీది బొమ్మ కనపడకుండా బోర్లా తిప్పేసింది.

"మావోడు ఇంజిన్ నడుపుతాడు. ఎవలో బండి కింద పడినకాడ్నుంచి వాడికి కునుకు నేదు. డాక్టరుకి సెప్తే డ్యూటీ పోద్దని భయం. రైల్వే క్వార్టర్లలో తెలిస్తే పాగల్, పిచ్చోడు అంటారు."

నాకు ఒళ్ళు మండిపోయింది. కాలు విరిగితే కట్టుతో నలుగురి మధ్యా తిరగొచ్చు. మనసు చెదిరితే మాత్రం దొంగసొత్తులా దాచుకోవాలా? సిగ్గుపడాల్సింది ఆ కుర్రాడా, ఆ మాట అనే నోళ్ళా?

"నిద్ర గురించి రాసింది సదువమ్మా," అంటూ ఆవిడ ఫోన్‌లో రికార్డింగ్ పెట్టి నా నోటి దగ్గర పట్టుకుంది. పుస్తకం మళ్ళీ తెరిచి, ఆ పేజీలు చదివాను.

నా రైలు వచ్చింది. లేస్తూ, "ఇది ఇరుగుపొరుగు వింటేనో?" అన్నాను.

"పురాణం వింటన్నాడంటాను. దానికైతే ఎవలూ పాగల్ అనరు."